వాడిన మొక్కకెల్ల నీరే మందు కాదు

పెరటి పూల మొక్కలకు, కుండీ మొక్కలకు నీరు పెట్టు పద్ధతి

వరికి, మిరపకు ఎప్పుడు తడి పెట్టవలెనో బాగుగా ఎరిగిన రైతు కూడ పెరటి మల్లె, గులాబి, కనకాంబరము విషయములో ఆకు వాలినదే తడవుగా బిందెడు నీరు కుమ్మరించుట కద్దు. నీరు చాలక చచ్చు మొక్కలు ఉన్నవి. నీరు ఎక్కువై చచ్చు మొక్కలును ఉన్నవి. రెంటికిని పైకి కనిపించు లక్షణము ఒక్కటే: ఆకులు వాడుట. ఈ భేదమును తెలిసికొననిచో, బ్రతుకవలసిన మొక్క మన చేతులమీదుగానే చచ్చును.

వేళ్లకు గాలి కూడ కావలెను

మన్నులోని సందులలో కొంత నీరు, కొంత గాలి ఉండును. వేరు శ్వాసించుటకు ఆ గాలి అవసరము. సందులన్నియు నీటితో నిండి అట్లే నిలిచినచో వేరు ఊపిరాడక కుళ్లును. కుళ్లిన వేరు నీటిని పీల్చలేదు. కావున మొక్క తడిమన్నులో ఉండియు వాడును. అప్పుడు మరల నీరు పోయుట గోరుచుట్టుపై రోకటిపోటు వంటిది.

గుర్తించు విధము

మిట్టమధ్యాహ్నము వాలిన ఆకు చల్లబడిన పిదప నిలబడినచో తొందరపడనక్కరలేదు. తెల్లవారుజామున కూడ వాలియున్నచో, వేలిని 2 కణుపుల లోతు మన్నులో గ్రుచ్చి చూడవలెను. పొడిగా ఉన్నచో నీరు పోయవలెను. తడిగా ఉన్నచో నీరు ఆపవలెను. చిన్న కుండీలను ఎత్తి చూచినను తెలియును. ఎండిన కుండీ తేలికగా ఉండును.

తడి ఉండియు మొక్క వాడుచున్నచో, కుండీని బోర్లించి మట్టిగడ్డతో సహా మొక్కను మెల్లగా బయటకు తీయవలెను. మంచి వేరు తెల్లగా, గట్టిగా ఉండును. కుళ్లిన వేరు గోధుమరంగుతో మెత్తబడి, దుర్వాసన వేయును. కుళ్లిన వేళ్లను కత్తిరించి, కొత్త మన్నులో నాటి, తేరుకొనువరకు నీడలో ఉంచవలెను.

ఎప్పుడు, ఎంత?

ఉదయము నీరు పెట్టుట శ్రేష్ఠము. ఆకులమీద గాక మొదట పోయవలెను. రాత్రియంతయు ఆకు తడిసియున్నచో తెగుళ్లు సులభముగా సోకును.

30 సెంటీమీటర్ల వ్యాసముగల కుండీలో 1 సెంటీమీటరు ఎత్తు నీరు అనగా సుమారు 700 మిల్లీలీటర్లు. దినదినము కొద్ది కొద్దిగా చిలకరించినచో పైమన్ను మాత్రమే తడిసి, వేళ్లు పైనే వ్యాపించును. పోసినప్పుడు అడుగు రంధ్రమునుండి నీరు కారునట్లు పోసి, మరల పైమన్ను ఆరువరకు ఆగవలెను. రోహిణి కార్తె ఎండలలో చిన్న మట్టి కుండీలకు ప్రతిదినము, ఒక్కొక్కప్పుడు రెండు పూటలు నీరు కావలసివచ్చును. వానకాలములో వారముపాటు అక్కరలేకపోవచ్చును. వేలు చెప్పినదే లెక్క.

బొత్తిగా ఎండిన కుండీలో పోసిన నీరు మన్నుకు, గోడకు నడుమ సందునుండి జారిపోవును. అట్టి కుండీని తొట్టి నీటిలో ముంచి, బుడగలు ఆగిన పిదప తీసి, నీరు వడియనీయవలెను.

కుండీ సిద్ధపరచుట

అడుగున రంధ్రము తప్పనిసరి. దానిపై ఒక పెంకు బోర్లించిన చాలును. అడుగున గులకరాళ్లు పరచిన నీరు బాగుగా పోవునను అభిప్రాయము సరికాదు. రాళ్లపైని మన్నులోనే తడి నిలిచి, వేళ్లకు చోటు తగ్గును. ఎర్రమన్ను 2 పాళ్లు, ఇసుక 1 పాలు, చివికిన పశువుల ఎరువు 1 పాలు కలిపి, అంచునకు 3 సెంటీమీటర్లు వెలితిగా నింపవలెను. మట్టి కుండీ గోడలనుండి కూడ నీరు ఆరును. ప్లాస్టిక్ కుండీలో తడి ఎక్కువకాలము నిలుచును. రెంటికి ఒకే లెక్కన నీరు పోయరాదు. క్రింది పళ్లెములోని నీటిని పారబోయుచుండవలెను. లేనిచో డెంగీ దోమలు పెరుగును.

మల్లెకు విశ్రాంతి

నేలలోని మల్లెకు కత్తిరింపునకు ముందు నీరు ఆపి, మొక్కను ఆరనీయవలెను. నవంబరు చివరి వారము మొదలు జనవరి వరకు, నేలనుండి 45–50 సెంటీమీటర్ల ఎత్తున కొమ్మలను కత్తిరించి, ఎరువువేసి, తిరిగి నీరు పెట్టవలెను. మొగ్గ తొడుగు కాలములో తడి ఆరనీయకూడదు. ఈనెలు పచ్చగా ఉండి లేతాకులు పసుపుబారినచో ఇనుపధాతు లోపముగా గ్రహించవలెను. సున్నపు నేలలలోను, నీరు నిలుచు చోట్లను ఇది ఎక్కువ. ముందు నిలిచిన నీటిని తీసివేసి, పిమ్మట లీటరు నీటికి 5 గ్రాముల అన్నభేది కలిపి ఆకులపై చల్లవలెను.

జ్ఞాపకముంచుకొనవలసినవి

1. వాడిన మొక్కకు నీరు పోయుటకు ముందు మన్ను చూడవలెను.
2. పోసినప్పుడు అడుగువరకు తడియునట్లు పోయవలెను.
3. నిలిచిన నీటిని వెంటనే తొలగించవలెను.
4. వేసవిలో మొదటిచుట్టు ఎండుటాకులు, వరిగడ్డి పరచవలెను. కాండమునకు మాత్రము తగులనీయరాదు.