క్లబ్బు పెడతామంటున్న కుర్రవాళ్లకు

చెన్నైలో మొదట ఆటగాడిగా, తర్వాత స్కోరర్‌గా నా వయసంతా బాస్కెట్‌బాల్ కోర్టు పక్కనే గడిచింది. మా పేటలో నలుగురు తెలుగు ఇళ్ల కుర్రవాళ్లు క్లబ్బు పెడతామని, నాలుగు మాటలు చెప్పమని వచ్చారు. జెర్సీ రంగు, బొమ్మ అప్పటికే ఖాయం చేసుకున్నారు. "అంకుల్, ఆస్ట్రేలియాలో సిడ్నీ కింగ్స్‌లాంటి క్లబ్బు మన ఊళ్లో ఎందుకు లేదు?" అని ఒకడు అడిగాడు. అడగాల్సిన ప్రశ్నే. నోటితో చెప్పింది చాలదనిపించి ఇలా రాసి ఇస్తున్నాను.

1. మన దగ్గర ఆట కొత్తదని అనుకోకండి

1891 డిసెంబరులో అమెరికాలోని స్ప్రింగ్‌ఫీల్డ్‌లో, వైఎంసీఏ శిక్షణ పాఠశాలలో జేమ్స్ నైస్మిత్ ఈ ఆటను కనిపెట్టాడు. అదే స్ప్రింగ్‌ఫీల్డ్‌లో చదువుకున్న హ్యారీ క్రో బక్ మద్రాసు వచ్చి 1920లో వ్యాయామ విద్యాలయం మొదలుపెట్టాడు. ఇప్పుడు నందనంలో ఉన్న వైఎంసీఏ కాలేజీ అదే. 1924లో పారిస్ ఒలింపిక్స్‌కు వెళ్లిన మన బృందానికి మేనేజరు కూడా ఆయనే. ఆ కాలేజీలో తర్ఫీదు పొందిన డ్రిల్లు మాస్టార్లు ఎందరో దక్షిణాది హైస్కూళ్లకు వెళ్లి, కనిపించిన ఖాళీ స్థలంలో రెండు స్తంభాలు పాతించి పిల్లల చేత ఆడించారు. ఆస్ట్రేలియా జాతీయ లీగ్ పుట్టింది 1979లో. కాబట్టి మనం ఆలస్యంగా మొదలుపెట్టామన్న మాట చెల్లదు.

2. ఉద్యోగం ఇచ్చిన సంస్థల మేలు మరవకండి

ఈ ఊళ్లో ఆటను బతికించింది ఆఫీసులు. పెరంబూరులోని రైలు పెట్టెల కర్మాగారం ఐసీఎఫ్, దక్షిణ రైల్వే, ఇండియన్ ఓవర్సీస్ బ్యాంకు జట్లు లేకపోతే, పేదింట్లో పుట్టిన పొడుగు పిల్లాడు ఇంటర్ కాగానే బంతి వదిలేసి పనికి పోయేవాడు. స్పోర్ట్స్ కోటాలో ఉద్యోగం వస్తే నెల తిరిగేసరికి జీతం వచ్చేది, మధ్యాహ్నం పర్మిషన్ దొరికేది, సాయంత్రం ప్రాక్టీసు సాగేది. చెల్లెళ్ల పెళ్లిళ్లు ఆ జీతాలతోనే చేసినవాళ్లు నాకు తెలుసు. ఆ జట్ల గురించి ఎవరైనా తేలిగ్గా మాట్లాడితే నాకు కష్టంగా ఉంటుంది.

అయితే ఒక లోటు ఉంది. ఆఫీసు జట్టు ఆఫీసుదే. కొత్త పోస్టులు వేయకపోతే జట్టు ముసలిదైపోతుంది. పక్క వీధి పిల్లాడు దాన్ని నా జట్టు అనుకోడు, అనుకునే అవకాశమూ లేదు. మీరు పూరించాల్సింది ఆ ఖాళీనే.

3. ఒక్క జేబు మీద ఆధారపడకండి

మీరు అడిగిన సిడ్నీ కింగ్స్ కథ పూర్తిగా వినండి. 1987లో సిడ్నీలోని రెండు క్లబ్బులు, వెస్టార్స్, సూపర్‌సోనిక్స్, కలిసిపోయాయి. 1988 నుంచి కింగ్స్ పేరుతో ఆడాయి. టైటిల్ కోసం చాలా ఏళ్లు ఎదురుచూశారు. చివరికి బ్రయాన్ గోర్జియన్ కోచ్‌గా ఉండగా 2003, 2004, 2005లో వరసగా మూడు గెలిచారు. 2008 మార్చిలో మళ్లీ ఫైనల్ దాకా వెళ్లి, అయిదు మ్యాచ్‌ల సిరీస్‌లో మెల్‌బోర్న్ టైగర్స్ చేతిలో 3–2 తేడాతో ఓడారు. అంత బలమైన క్లబ్బు జూన్ వచ్చేసరికి లేదు. యజమాని కంపెనీ కుప్పకూలింది, ఆటగాళ్లకు జీతాలు నిలిచిపోయాయి, లీగ్ లైసెన్సు వెనక్కి తీసుకుంది. ఫైనల్ ఆడిన మూడు నెలలకే!

నాకు ముఖ్యంగా తోచేది ఆ తర్వాతి సంగతి. 2010లో కింగ్స్ అదే పేరుతో, అదే ఊదా, బంగారు రంగులతో తిరిగొచ్చింది. ఆ పేరుకు ఊళ్లో మనుషులున్నారు. తండ్రి భుజాల మీద కూర్చుని చూసిన పిల్లలు తమ పిల్లల్ని తీసుకొచ్చారు. 2017లో అమృత్‌సర్ జిల్లా రైతుబిడ్డ అమృత్‌పాల్ సింగ్‌ను ఆ క్లబ్బే తీసుకుంది. ఆస్ట్రేలియా లీగ్‌లో ఆడిన తొలి భారతీయుడు అతనే. 2022, 2023లో మళ్లీ టైటిళ్లు వచ్చాయి. పెర్త్ వైల్డ్‌క్యాట్స్ సంగతీ చూడండి: 1987 నుంచి 2021 దాకా వరసగా 35 సీజన్లు ప్లేఆఫ్స్‌కు చేరారు. మారిన ఆటగాళ్లెందరో, ఊరు మాత్రం ఒక్కటే.

4. పేరు పెట్టాక మార్చకండి

2015లో యూబీఏ అనే ప్రొఫెషనల్ లీగ్ మొదలైంది. మన ఊరికి చెన్నై స్లామ్, హైదరాబాద్‌కు స్కై. 2017 తర్వాత ఆ లీగ్ కనిపించలేదు. 2022లో ఐఎన్‌బీఎల్ అనే మరో లీగ్ వచ్చింది, ఈసారి మన జట్టు పేరు చెన్నై హీట్. తొలి టైటిల్ కూడా హీట్‌దే, ఆ రోజు నేనెంత సంతోషించానో చెప్పలేను. కానీ స్లామ్‌కు చప్పట్లు కొట్టిన స్కూలు పిల్లాడు హీట్ వచ్చేసరికి డిగ్రీలో ఉన్నాడు. మధ్యలో వాడి అభిమానం ఎక్కడ దాచుకోవాలి? ఆటగాళ్ల తప్పేమీ లేదు. ఏడాదిలో కొన్ని వారాలు ఆడి మాయమయ్యే జట్టుకు ఊరు అలవాటు పడదు. మీ క్లబ్బు జిల్లా లీగ్‌లో ఓడినా సరే, ప్రతి ఏడూ అదే పేరుతో, అదే కోర్టులో కనిపించాలి.

5. టేబుల్ దగ్గర కూర్చోవడం నేర్చుకోండి

అందరూ షూటింగ్ నేర్చుకుంటారు, స్కోర్‌షీటు రాయడం ఎవరికీ అక్కర్లేదు. రెండు పాయింట్ల బుట్ట పడితే స్కోరు అంకె మీద ఏటవాలు గీత. ఫ్రీ త్రో అయితే నిండు చుక్క. మూడు పాయింట్లయితే ఆటగాడి నంబరు చుట్టూ సున్నా. ఒకటో, మూడో క్వార్టర్లకు ఎర్ర పెన్ను, మిగతావాటికి నీలం. ఆటగాడికి అయిదో ఫౌల్ పడగానే రెఫరీకి చెప్పాలి, ఒక్క క్షణం ఆలస్యమైనా కోచ్‌లు మీద పడతారు. ఇలా రాసిన షీట్లు ఫైలు చేసి దాచండి. పాతికేళ్ల తర్వాత మీ క్లబ్బుకు చరిత్ర ఉందని చూపించేవి అవే. మద్రాసులో గొప్ప మ్యాచ్‌లు ఎన్నో జరిగాయి, వాటి కాగితాలు ఎక్కడా లేవు. అది నాకు ఇప్పటికీ మనసులో ముల్లే.

6. ఆడపిల్లలకు సగం సమయం ఇవ్వండి

2022 ఏప్రిల్‌లో మన ఊళ్లోని నెహ్రూ ఇండోర్ స్టేడియంలో జాతీయ సీనియర్ పోటీలు జరిగాయి. మగవాళ్లలో తమిళనాడు పంజాబ్‌ను ఓడించి గెలిచింది. ఆ వార్త అందరికీ గుర్తుంది. ఆడవాళ్ల ఫైనల్లో రైల్వేస్‌తో తలపడింది తెలంగాణ అని మన తెలుగువాళ్లకే చాలామందికి తెలియదు. ఓడినా అక్కడిదాకా రావడం చిన్న విషయం కాదు. సాయంత్రం వెలుతురున్న గంట మగపిల్లలకు, చీకటిపడ్డాక మిగిలింది ఆడపిల్లలకు అనే పద్ధతి మీ క్లబ్బులో వద్దు.

7. ముందు కోర్టు, తర్వాతే జెర్సీ

చెన్నైలో స్థలం కొని కోర్టు వేయడం మీ వల్ల కాదు. అక్టోబరు, నవంబరు వానల్లో సిమెంటు కోర్టు మీద నిలిచిన నీళ్లు స్పాంజితో తుడిచి పిండితే గానీ బంతి లేవదు, ఆ పనికి కూలివాణ్ణి పెట్టే డబ్బూ ఉండదు. అందుకే ముందు మీ పేటలో రింగులుండి సాయంత్రం తాళం వేసి ఉంటున్న స్కూలు ఏదో చూడండి. హెడ్‌మాస్టర్‌ను కలవండి. శుభ్రం మేం చేస్తాం, నెట్లు మేం వేస్తాం, మీ స్కూలు పిల్లలకు ఉచితంగా నేర్పిస్తాం అని రాతపూర్వకంగా ఇవ్వండి.

ఇది చదివే పెద్దలకూ ఒక విన్నపం. మీ పిల్లలు చదివే బళ్లో అలాంటి కోర్టు ఉంటే, ఈసారి పేరెంట్స్ మీటింగ్‌లో మార్కుల సంగతి అడిగాక, సాయంత్రం ఆ గేటు తెరవమని కూడా అడగండి.