బెంచీ మీద కీపర్ తయారవడు
(ప్రశ్నలు - జవాబులు)

ప్రశ్న: మాది ఆలూరు దగ్గర పల్లె. నాలుగెకరాల మెట్ట. వాన లేని ఏడు నేనూ మా ఇంటామె సుగ్గికి గుంటూరు పోతాం, మిరప కోతలకు. మావాడికి పదహారేళ్లు, ఇంటర్ మొదటి సంవత్సరం. అనంతపురంలో ఒక చిన్న ఫుట్‌బాల్ జట్టుకు గోల్‌కీపర్‌గా వారం వారం ఆడుతున్నాడు. ఇప్పుడు బెంగళూరులో ఒక పెద్ద అకాడమీ వాళ్లు తీసుకుంటామన్నారు. తిండి, బస వాళ్లవే. కానీ అక్కడ ఇప్పటికే ఇద్దరు కీపర్లున్నారంట, మావాడు మూడోవాడు. చదువు కూడా మధ్యలో ఆపాల్సి వస్తుందేమో. పంపమంటారా సార్?
- ఒక తండ్రి, ఆలూరు మండలం

జవాబు: మూడో కీపర్‌గానైతే ఈ ఏడాది పంపొద్దు. ఎందుకో వివరంగా చెప్తాను. ఇలాంటి ఉత్తరాలు చాలా వస్తున్నాయి, అందరూ అకాడమీ పేరే చూస్తున్నారు.

ఫార్వర్డ్ ఆడేవాడికి మూడో స్థానంలో ఉన్నా అవకాశం దొరుకుతుంది. అరవయ్యో నిమిషంలో ఒకణ్ని బయటికి పిలిచి ఇంకొకణ్ని దింపుతారు. కీపర్‌ను అలా మార్చరు. వాడికి దెబ్బ తగలాలి, లేదా రెడ్ కార్డు పడాలి. ముందున్న ఇద్దరూ ఆరోగ్యంగా ఉంటే మీవాడు ఏడాది పొడుగునా ట్రాక్‌సూట్ వేసుకుని కూర్చుంటాడు. ప్రాక్టీసులో రోజూ వందల షాట్లు ఆపుతాడు, నిజమే. కానీ కార్నర్ వచ్చినప్పుడు పదిమంది మధ్యలోంచి బయటికి రావాలా, గీత మీదే నిలబడాలా అనేది అరక్షణంలో తేల్చుకోవడం ప్రాక్టీసులో రాదు. నలభై నిమిషాలు బంతి ముట్టకుండా నిలబడి, నలభై ఒకటో నిమిషంలో వచ్చిన ఒక్క షాట్‌కు సిద్ధంగా ఉండటం అసలే రాదు. అది మ్యాచ్‌లోనే వస్తుంది. ఇప్పుడు అనంతపురంలో మీవాడికి అది వారం వారం దొరుకుతోంది.

అర్జెంటీనాకు 2022 ప్రపంచకప్ గెలిపించిన ఎమిలియానో మార్టినెజ్‌ను చూడండి. పదిహేడేళ్లకే, 2010లో, లండన్‌లో ఆర్సెనల్ వంటి క్లబ్‌లో చేరాడు. ఆ పేరుతోనే కీపర్ అయిపోలేదు. ఆక్స్‌ఫర్డ్, రోథర్‌హామ్, వుల్వ్స్, గెటాఫే, రీడింగ్ అంటూ ఏళ్ల తరబడి అరువు మీద ఊరూరా తిరిగాడు. 2020లో ఆర్సెనల్ మొదటి కీపర్‌కు మోకాలు దెబ్బ తగిలాకే చోటు దొరికింది. అప్పటికి ఇరవై ఏడేళ్లు. మన దగ్గర ప్రభ్‌సుఖన్ గిల్‌ది కూడా అలాంటి దారే. కుర్రాళ్లకు మ్యాచ్‌లు దొరకాలనే జాతీయ సమాఖ్య నడిపిన ఇండియన్ యారోస్ జట్టులో మొదలుపెట్టాడు. తర్వాత పెద్ద క్లబ్బుల్లో వేచి ఉన్నాడు. కేరళ బ్లాస్టర్స్‌లో ముందున్న కీపర్ గాయపడితే గోల్ ముందుకొచ్చి, 2021-22 ఇండియన్ సూపర్ లీగ్ (ఐఎస్ఎల్) సీజన్‌లో గోల్డెన్ గ్లవ్ అందుకున్నాడు. అవకాశం రాగానే నిలదొక్కుకున్నాడంటే, వెనకాల ఆడిన మ్యాచ్‌లున్నాయి కాబట్టి. ఆ యారోస్ జట్టును 2022లో మూసేశారు. నాకు ఇప్పటికీ బాధే. కుర్ర కీపర్లకు దేశంలో అంతకన్నా మంచి చోటు లేకపోయింది.

అందుకని బెంగళూరు వాళ్లను మర్యాదగానే అడగండి: అండర్-17 లీగ్‌లో మావాణ్ని ఎన్ని మ్యాచ్‌లు ఆడిస్తారు? మీ దగ్గర చోటు లేకపోతే వేరే జట్టుకు అరువిస్తారా? ఇంటర్ పరీక్షలు రాయిస్తారా? జవాబు కాగితం మీద ఇమ్మనండి. ఇస్తే ఆలోచించండి, ఇవ్వకపోతే వచ్చే ఏడు చూద్దామనండి. కీపర్‌కు పదహారేళ్లంటే ఇంకా ముక్కుపచ్చలారని వయసు. ఇటలీ కీపర్ డీనో జోఫ్ 1982లో ప్రపంచకప్ ఎత్తేనాటికి నలభై ఏళ్లవాడు.

చదువు మాత్రం ఆపొద్దు. ఇది బతిమాలి చెప్తున్నాను. 2025లో ఐఎస్ఎల్ నిర్వహణ ఒప్పందం తేలక సీజన్ ఆగిపోతే, దేశంలోని పేరున్న ఆటగాళ్లకే కొన్ని క్లబ్బులు జీతాలు నిలిపేశాయి. మన హైదరాబాద్ ఎఫ్‌సీ అదే ఏడాది ఢిల్లీకి తరలి పేరు కూడా మార్చుకుంది. ఇంటర్ పాసైన కీపర్‌కు రైల్వే స్పోర్ట్స్ కోటా ఉంది, ఆర్మీ ఉంది, పోలీసు ఉంది. గుంతకల్లులో రైల్వే డివిజన్ ఆఫీసు మీ ఊరికి ఎంత దూరమో మీకే తెలుసు.

ఇంకొకటి. ఏ కాగితం మీదా ఖాళీ జాగా వదిలి సంతకం పెట్టొద్దు. పద్దెనిమిదేళ్లు నిండనివాడితో మూడేళ్లకు మించి ఒప్పందం రాయించుకోకూడదని ఫిఫా నిబంధన. ఐదేళ్లంటే లేచి వచ్చేయండి.

ప్రశ్న: నా వయసు 14. ఎత్తు ఐదడుగుల నాలుగంగుళాలు. పొట్టిగా ఉన్నానని పీఈటీ సార్ నన్ను గోల్ దగ్గర నిలబెట్టడం లేదు, ముందుకు వెళ్లి ఆడమంటున్నారు. నేను కీపర్ కాలేనా?
- 9వ తరగతి విద్యార్థి, ఆదోని

జవాబు: మీ సార్ నీకు మేలే చేస్తున్నారు నాయనా. ఎత్తు సంగతి పద్దెనిమిదేళ్లకు చూద్దాం. 1998లో ఫ్రాన్స్‌కు ప్రపంచకప్ తెచ్చిన ఫాబియన్ బార్తేజ్ కీపర్లలో పొడుగరేమీ కాదు. ఇప్పుడైతే మైదానంలో ఆడు. 1992 తర్వాత సొంత ఆటగాడు కాలితో వెనక్కిచ్చిన బంతిని కీపర్ చేత్తో పట్టకూడదు. కాబట్టి కాళ్లు రాని కీపర్‌ను ఏ కోచ్ తీసుకోడు. మన హైదరాబాద్‌లో పుట్టిన పీటర్ తంగరాజ్ 1953లో సైన్యంలో చేరినప్పుడు సెంటర్ ఫార్వర్డ్. తర్వాతే గోల్ ముందుకు మారాడు. 1956 మెల్‌బోర్న్, 1960 రోమ్ ఒలింపిక్స్ రెండూ ఆడాడు. 1958లో ఆసియా ఉత్తమ గోల్‌కీపర్ అన్నారు. 1962 జకార్తా ఆసియా క్రీడల్లో బంగారు పతకం గెలిచిన జట్టులో ఉన్నాడు. ఎదుటివాడు ఎక్కడ కొడతాడో అతనికి ముందే తెలిసేదంటే, ఒకప్పుడు ఆ చోట నిలబడి తనే కొట్టాడు కాబట్టే అని నా నమ్మకం.

ప్రశ్న: ఏ కంపెనీ గ్లవ్స్ కొనాలి?
- ప్రొద్దుటూరు

జవాబు: చేతికి సరిపోయినవి ఏవైనా సరే, పాతవి ప్రాక్టీసుకు, కొత్తవి మ్యాచ్‌కు, దిగేముందు కాస్త తడుపుకో.

ప్రశ్న: మా బడి మైదానం గరుసునేల. ఎండాకాలంలో రాయి లెక్క. పిల్లలు డైవ్ చేస్తే మోచేతులు, తుంట్లు చీరుకుపోతున్నాయి. గడ్డి మైదానం మాకు ఈ జన్మకు రాదు. కీపర్లకు ఎట్లా నేర్పించాలి?
- ఒక వ్యాయామ ఉపాధ్యాయుడు, దేవనకొండ

జవాబు: మీ ఉత్తరం చదివి సంతోషమేసింది. గడ్డి లేదని వదిలేయకుండా అడిగారు. లాంగ్‌జంప్ గుంత ఉంటే అదే మీ అకాడమీ. లేకపోతే ఒక మూల నాలుగు గజాల పొడుగు, రెండు గజాల వెడల్పు తవ్వించి వంకలోంచి ఇసుక పోయించండి. ఇసుక దొరక్కపోతే గోనెసంచుల్లో శెనిక్కాయ పొట్టు కుక్కి కుట్టించి పరవండి. మీ ఊళ్లో పొట్టుకు కొదవుండదు.

మొదటి నెల నిలబడి దూకనివ్వకండి. పిల్లవాణ్ని మోకాళ్ల మీద కూర్చోబెట్టి, పక్కకు మెల్లగా బంతి దొర్లించండి. పక్కకు వాలేటప్పుడు తొడ, తుంటి, పక్క, భుజం వరసగా నేలకు తగలాలి. మోచెయ్యి ముందు ఆనిందంటే వాడు తప్పు నేర్చుకుంటున్నట్టే, అక్కడే ఆపండి. తర్వాత గొంతుక్కూర్చుని, ఆ తర్వాత నిలబడి. కళ్లు మూసుకునేవాడుంటే తిట్టొద్దు, టెన్నిస్ బంతితో మొదలుపెట్టండి. పాత ప్యాంట్లకు తుంటి దగ్గర లోపల దళసరి గుడ్డ వేసి కుట్టిస్తే చాలు.

గట్టి నేల మీద చేయాల్సిన పని ఇంకా చాలా ఉంది: నిలబడే చోటు, అడుగులు, ఎత్తు బంతి పట్టడం, గొంతెత్తి వెనక జట్టును సర్దడం. గోల్ వెడల్పు 7.32 మీటర్లు, ఎత్తు 2.44. రెండు పోస్టులకు తాళ్లు కట్టి బంతి దగ్గర కలపండి. ఆ తాళ్ల మధ్య ఒక అడుగు ముందుకొస్తే ఎంత జాగా మూసుకుపోతుందో పిల్లలు కళ్లారా చూస్తారు. డైవ్ అవసరం లేని చోట నిలబడటం తెలిసినవాడే మంచి కీపర్. ఇక ఆదివారం ఆదివారం పక్క ఊరి బడితో మ్యాచ్ పెట్టండి. కప్పు అక్కర్లేదు, రెఫరీగా మీరే ఉండండి. నెలకు నాలుగు మ్యాచ్‌లు ఆడిన మీ పిల్లవాడు, గడ్డి మీద మ్యాచ్ లేకుండా దూకేవాడికన్నా ముందుంటాడు.

ప్రశ్న: మా అబ్బాయికి 15 ఏళ్లు, కీపర్. ఒకాయన మూడు లక్షలు కడితే స్పెయిన్ తీసుకుపోయి క్లబ్‌లో చేర్పిస్తానంటున్నాడు. బంగారం కుదువ పెడదామనుకుంటున్నాం.
- ఒక తల్లి, పత్తికొండ

జవాబు: అమ్మా, ఆ బంగారం బీరువాలోనే ఉంచండి. పద్దెనిమిదేళ్లు నిండని పిల్లవాణ్ని ఒక దేశం క్లబ్ నుంచి ఇంకో దేశం క్లబ్‌కు మార్చడాన్ని ఫిఫా నిషేధించింది. ఉన్న మినహాయింపులు కొద్ది. తల్లిదండ్రులు ఆటతో సంబంధం లేని కారణంతో అక్కడికి కాపురం మారడం వంటివే. మూడు లక్షలు కట్టడం అందులో లేదు. ఆయన్ను ఫిఫా ఏజెంట్ లైసెన్స్ చూపించమనండి. లైసెన్స్ ఉన్నవాడైనా ఇంత చిన్న పిల్లవాడి దగ్గరికి ఎప్పుడు పడితే అప్పుడు రాకూడదు, మీ రాతపూర్వక అనుమతి కావాలి. ఇవన్నీ అడిగాక మళ్లీ ఫోన్ చేస్తాడేమో చూడండి. టూరిస్ట్ వీసా మీద పది రోజులు తిప్పి, ఏదో మైదానంలో ఫోటోలు తీయించి వెనక్కి తెస్తారు. అప్పు మీకు మిగులుతుంది.

స్పెయిన్ ఆటే కావాలంటే అది మన పక్కకే వచ్చింది. స్పెయిన్ నుంచి వచ్చిన విన్సెంట్ ఫెర్రర్ 1969లో అనంతపురంలో రూరల్ డెవలప్‌మెంట్ ట్రస్ట్ (ఆర్‌డీటీ) స్థాపించారు. ఆ సంస్థ స్పోర్ట్స్ విలేజ్‌లో లా లిగా ఫౌండేషన్ సహకారంతో ఫుట్‌బాల్ నేర్పారు. గుంతకల్లు మీదుగా ఒక పూటలో వెళ్లి, అబ్బాయిని చూపించి, సలహా అడిగి రండి. బెంగళూరు ఎఫ్‌సీ కూడా తన రెసిడెన్షియల్ అకాడమీని బళ్లారి పక్కన విజయనగర్‌లో పెట్టింది. ప్రవేశాలు ఎప్పుడో ఫోన్ చేసి కనుక్కుని వెళ్లండి. సరైన ట్రయల్స్‌కు లక్షలు అడగరు. ఎక్కడికెళ్లినా మొదటి ప్రశ్న నేను పై తండ్రికి చెప్పిందే: ఎన్ని మ్యాచ్‌లు?

ప్రశ్న: నాకు 19. కాలేజీ ఫైనల్లో ఆఖరి నిమిషంలో చేతుల్లోంచి బంతి జారి గోలైంది. ఓడిపోయాం. హోటల్ కాడ కూర్చుంటే చాలు, నా ముందే ఆ మాట ఎత్తుతారు. మానేద్దామనుకుంటున్నా అన్నా.
- గుంతకల్లు

జవాబు: తమ్ముడూ, లక్ష్మీకాంత్ కట్టిమణి గురించి చెప్తాను, చివరిదాకా విను.

2015 డిసెంబర్ 20. ఐఎస్ఎల్ ఫైనల్, గోవాలోని ఫతోర్డా స్టేడియం. కట్టిమణి గోవావాడే, గోవా జట్టు కీపర్. సొంత జనం. ఎనభై ఏడో నిమిషంలో గోవా 2-1తో ముందుకెళ్లింది. కప్పు చేతికందినట్టే. తొంభయ్యో నిమిషంలో బంతి కట్టిమణి మీదుగానే గోల్లోకి పోయింది. సెల్ఫ్ గోల్. రెండు నిమిషాలు తిరక్కుండానే ఎదుటి జట్టు చెన్నయిన్ తరఫున మెండోజా ఇంకొకటి కొట్టాడు. 3-2. నీది కాలేజీ మైదానం, అతనిది దేశమంతా టీవీలో చూసిన మ్యాచ్.

అతను మానలేదు. తర్వాత ఆడిన సీజన్లున్నాయి, చోటు పోయిన సీజన్లున్నాయి. 2019లో కొత్తగా పుట్టిన హైదరాబాద్ ఎఫ్‌సీకి వచ్చాడు. 2022 మార్చి 20న మళ్లీ ఐఎస్ఎల్ ఫైనల్, మళ్లీ అదే ఫతోర్డా. ఎదుట కేరళ బ్లాస్టర్స్ గోల్‌లో పైన చెప్పిన గిల్, ఇరవై ఒక్క ఏళ్ల కుర్రాడు, ఆ సీజన్ ఉత్తమ కీపర్. 1-1తో ముగిసి షూటౌట్‌కు వెళ్లింది. ముప్పై రెండేళ్ల కట్టిమణి కేరళ ఆటగాళ్లు ముగ్గురి కిక్‌లు ఆపాడు. హైదరాబాద్ 3-1తో గెలిచి మొదటిసారి ఛాంపియన్ అయింది.

మొదటి రాత్రికీ రెండో రాత్రికీ మధ్య ఆరేళ్ల మూడు నెలలు. నువ్వు ఇంకా ఆ ఒక్క గోల్ దగ్గరే ఆగిపోయావు, ఎందుకంటే దాని తర్వాత ఇంకో మ్యాచ్ ఆడలేదు. వచ్చే ఆదివారం ఏ జట్టైనా సరే, ఊరి జట్టైనా సరే, గోల్ ముందు నిలబడు. హోటల్ కాడికి పోవడం కొన్నాళ్లు మాను. జారిన బంతి ఎలా జారిందో మాత్రం ఒకసారి కోచ్‌తో కూర్చుని చూడు: బంతి వెనక ఛాతీ ఉందా, చేతులొక్కటే ఉన్నాయా? నూటికి తొంభై సార్లు తప్పు అక్కడే ఉంటుంది, ఒక నెలలో సర్దుకుంటుంది.

ప్రశ్న: నేను బీకాం చదువుతున్నాను. యూనివర్సిటీ మహిళల జట్టు కీపర్‌ని. డిగ్రీ తర్వాత ఆట ఆపేయమంటున్నారు నాన్న. చదువూ ఆటా రెండూ కుదరవంటున్నారు.
- కడప

జవాబు: మీ నాన్నగారికి అదితి చౌహాన్ పేరు చెప్పమ్మా. భారత జట్టుకు ఆడిన కీపర్. స్పోర్ట్స్ మేనేజ్‌మెంట్‌లో పీజీ చేయడానికి ఇంగ్లండ్‌లో లఫ్‌బరో యూనివర్సిటీకి వెళ్లింది, అక్కడుండగానే 2015లో వెస్ట్‌హామ్ మహిళల జట్టుకు ఆడింది. చదువు కోసం వెళ్లబట్టే ఆ ఆట దొరికింది. నిజామాబాద్ జిల్లా నుంచి వెళ్లిన మన గుగులోత్ సౌమ్య క్రొయేషియాలో డైనమో జాగ్రెబ్‌కు ఆడింది. మీ నాన్నను ఒక మ్యాచ్‌కు తీసుకొచ్చి గోల్ వెనక నిలబెట్టు. నువ్వు అరిచి జట్టును సర్దడం ఆయన ఒకసారి వినాలి. పీజీకి దరఖాస్తు పెట్టేటప్పుడు మహిళల జట్టున్న యూనివర్సిటీలే చూడు, అందులోనూ మొదటి కీపర్ చదువు పూర్తిచేసి వెళ్లిపోతున్న చోటు వెతుక్కో.

ప్రశ్న: కీపర్ బంతి చేత్తో ఎంతసేపు పట్టుకోవచ్చు? మా టోర్నీలో గొడవైంది.
- హాలహర్వి

జవాబు: ఎనిమిది సెకన్లు. 2025-26 సీజన్ నుంచి అదే నిబంధన. చివరి ఐదు సెకన్లు రెఫరీ చెయ్యెత్తి వేళ్లతో లెక్క చూపిస్తాడు, దాటితే ఎదుటి జట్టుకు కార్నర్.