మూగజీవికి మందువేళలు

మనుమరాలికి కోయంబత్తూరు పీలమేడునుండి తాతయ్య వ్రాయునది.

మదురలో మీ యింట పెరుగుచున్న రాజపాళయం కుక్కకు పిడుదులవలన జ్వరము సోకినదనియు, వైద్యులు 28 దినములు పూటకొకటి చొప్పున దినమునకు రెండు డాక్సీసైక్లిన్ మాత్రలు వేయుమనిరనియు నీ జాబువలన తెలిసినది. తెలుగు రాజు కులమువారు స్థిరపడిన ఊరి పేరనే ప్రసిద్ధికెక్కి, 2005లో తపాలాబిళ్ళపై ముద్రితమైన ఆ తెల్లని వేటకుక్క జాతిమీద మనవారికి మమకారము మెండు. అయితే ఇంటిల్లిపాదికిని మమకారమున్న చోటనే మందు తప్పును. ఉదయము నీవు వేసిన మాత్రను మీ అత్త తెలియక మరల వేయవచ్చును, రాత్రి ఒకరు వేసియుందురని మరియొకరు తలచి ఎవ్వరును వేయకపోవచ్చును. వేసిరో లేదో ఆ మూగజీవి చెప్పజాలదు.

కావున దినమునకు రెండు గడులుండునట్లు కాగితమున గీతలు గీసి, వంటింటి గోడకు తగిలింపుము. దానిని తమిళముననే వ్రాయుము. కోయంబత్తూరు, మదుర ప్రాంతముల మన యిండ్లలో తెలుగు మాటలాడుచు, తమిళమున మాత్రమే చదువగలవా రనేకులు. ఆ కాగితము ఇంట అందరును చదువదగినదై యుండవలెను. నీ తెలుగు వ్రాత నాకు వ్రాయు జాబులలో సాగనిమ్ము.

మాత్ర చేతికి తీసికొన్నప్పుడు గాక, అది గొంతు దిగుట కన్నులార చూచిన పిమ్మటనే గడిలో గుర్తు పెట్టుము. దవడప్రక్కన దాచి, మంచముక్రింద ఉమిసివచ్చు కుక్కలు కలవు. మాత్రను నాలుక మొదట నుంచి, మూతిని మెల్లగా మూసి పట్టుకొని, గొంతు క్రింద నిమురుము. గుటకవేసి ముక్కు నాకుకొనినచో అది లోనికి పోయినట్లే. వెంటనే కొంచెము నీరు త్రాగింపుము.

మన యిండ్లలో కుక్కకు పెరుగన్నము పెట్టుట వాడుక. ఈ మందును మాత్రము పెరుగుతోగాని పాలతోగాని ఈయరాదు. వానిలోని కాల్షియము మందును పట్టుకొని, ఒంటికి పూర్తిగా పట్టనీయదు. పరగడుపున వేసినచో వాంతి కావచ్చును గనుక, మాంసరసము కలిపిన అన్నము పెట్టి వేయుము. ఒక పూట తప్పినచో మరుసటి పూట రెండు వేయకుము. మనుష్యుల జ్వరపుమాత్రలు వైద్యులను అడుగక ఎన్నడును వేయవలదు.

మొత్తము మాత్రలు 56. పదవనాటి రాత్రికి కాగితముపై 20 గుర్తులు, డబ్బాలో 36 మాత్రలు ఉండవలెను. లెక్క కుదరనినాడు ఇంట అందరిని అడిగి తెలిసికొనుము. కొలదిదినములలోనే కుక్క లేచి తిరుగుట చూచి, ఇక చాలునని పెద్దలెవరైన అన్నను, వినయముగనే కాదని, 28వ నాటివరకు సాగింపుము. క్రిమి పూర్తిగా నశింపక మునుపే మందు మానినచో వ్యాధి మరల రావచ్చును. వాంతియైన పూటను, అన్నము ముట్టని పూటను ఆ గడిలోనే సూచింపుము. పిడుదుల మందు వేసిన తేదీ కాగితము వెనుక వ్రాసి, రక్తపరీక్షకు పోవునాడు దానిని మడిచి వెంట తీసికొనిపొమ్ము.