మైన్‌క్రాఫ్ట్‌లో చీట్ మోడ్ వేస్తున్నారా? ముందు ఆ జార్ ఫైల్ సంగతి తెలుసుకోండి

సంక్రాంతికి ఇబ్రహీంపట్నం వెళ్లగానే, ఎనిమిదో క్లాస్ చదివే మా పిన్ని కొడుకు నన్ను పక్కకి లాక్కెళ్లాడు. "అన్నయ్యా, నా డిస్కార్డ్ నుంచి ఫ్రెండ్స్ అందరికీ ఏవో లింకులు వెళ్తున్నాయి. నేను పంపలేదు, ఒట్టు!"

కాస్త నిదానంగా అడిగితే విషయం బయటపడింది. మైన్‌క్రాఫ్ట్‌లో డైమండ్స్ ఎక్కడున్నాయో చూపించే ఎక్స్‌రే చీట్ కోసం, ఒక వీడియో కింద ఇచ్చిన లింక్ నుంచి జార్ ఫైల్ డౌన్‌లోడ్ చేశాడు. "యాంటీవైరస్ ఆఫ్ చేయండి, లేకపోతే పని చేయదు" అని వీడియోలో చెప్పారట. వీడు బుద్ధిగా ఆఫ్ చేశాడు. ఆ ల్యాప్‌టాప్ వాడొక్కడిదే కాదు. బాబాయి మెయిల్, బ్యాంక్ లాగిన్ కూడా అదే బ్రౌజర్‌లో సేవ్ అయి ఉన్నాయి.

మోడ్స్ జోలికి వెళ్లొద్దని చెప్పడానికి ఈ ఆర్టికల్ రాయడం లేదు. నాకు కోడింగ్ మీద ఇంట్రెస్ట్ పుట్టిందే మోడ్స్ వల్ల. కానీ చీట్ మోడ్ అంటే ఏంటి, సర్వర్ దగ్గర అది ఎంతవరకు పని చేస్తుంది, మన సిస్టమ్‌లో ఎంతవరకు వెళ్లగలదు అనేవి తెలిసి వేయడం వేరు, తెలియక వేయడం వేరు. ఒక్కొక్కటిగా చూద్దాం.

మోడ్ లేకుండానే చీట్

చాలామందికి తెలియని విషయం ఏంటంటే, సొంత వరల్డ్‌లో చీట్ చేయడానికి ఏ మోడ్ అక్కర్లేదు. జావా ఎడిషన్‌లో వరల్డ్ క్రియేట్ చేసేటప్పుడు కమాండ్లు అలౌ చేసే ఆప్షన్ ఉంటుంది. పాత వెర్షన్లలో దాని పేరే 'అలౌ చీట్స్'. అప్పుడు ఆన్ చేయడం మర్చిపోయినా ఫర్వాలేదు. ఎస్కేప్ నొక్కి 'ఓపెన్ టు ల్యాన్'లోకి వెళ్లి, అక్కడ కమాండ్లు ఆన్ చేసుకోవచ్చు.

ఆ తర్వాత చాట్‌లో స్లాష్ పెట్టి గేమ్‌మోడ్ క్రియేటివ్ అని కొడితే ఎగరొచ్చు. గేమ్‌మోడ్ స్పెక్టేటర్ అని కొడితే రాళ్లలోంచి దూరిపోయి భూమి లోపల ఏముందో చూడొచ్చు. అంటే ఎక్స్‌రే చేసే పనిలో చాలా భాగం గేమే ఫ్రీగా ఇస్తోంది. ఫోన్‌లో ఆడే బెడ్‌రాక్ ఎడిషన్‌లో కూడా చీట్స్ ఆప్షన్ ఉంది. కాకపోతే అక్కడ అది ఆన్ చేస్తే ఆ వరల్డ్‌లో అచీవ్‌మెంట్స్ రావు.

మరి చీట్ మోడ్ ఎందుకు వెతుకుతారు? వేరేవాళ్ల సర్వర్‌లో, వాళ్లు ఇవ్వని పవర్ కోసం. చిక్కంతా అక్కడే మొదలవుతుంది.

రంగు మార్చడం వేరు, కొయ్య చెక్కడం వేరు

ఇబ్రహీంపట్నం పక్కనే కొండపల్లి. కొండపల్లి బొమ్మ చూసే ఉంటారు. తెల్ల పొణికి కర్రతో చెక్కి, పైన రంగులు వేస్తారు. రంగు మార్చినా బొమ్మ ఆకారం మారదు. ఆకారం మారాలంటే ఉలి పట్టాల్సిందే. గేమ్‌లో వేసే ఫైల్స్ కూడా అలాగే ఉంటాయి.

రిసోర్స్ ప్యాక్ అంటే రంగు. బొమ్మలు, సౌండ్లు, కొన్ని సెట్టింగ్ ఫైల్స్ ఉంటాయి. దానిలో సొంతంగా రన్ అయ్యే ప్రోగ్రామ్ ఉండదు. రాయి టెక్స్చర్‌ని కనిపించకుండా చేసి, డైమండ్‌ని మాత్రం ఉంచే ఎక్స్‌రే ప్యాక్‌లు ఈ కోవకే వస్తాయి.

బెడ్‌రాక్ యాడ్-ఆన్‌లో స్క్రిప్ట్ ఉండొచ్చు. కానీ అది గేమ్ గీసిన గీత లోపలే ఆడుతుంది. మీ ఫొటోల ఫోల్డర్ దానికి కనిపించదు.

జావా ఎడిషన్ మోడ్ అంటే ఉలి. జార్ ఫైల్ పూర్తి స్థాయి జావా ప్రోగ్రామ్. గేమ్ ఏ యూజర్ అకౌంట్ మీద రన్ అవుతుందో, ఆ యూజర్‌కి ఉన్న పవర్స్ అన్నీ దానికీ ఉంటాయి. మీరు తెరవగలిగిన ప్రతి ఫైల్‌నీ అది తెరవగలదు, ఇంటర్నెట్‌కి పంపగలదు. ఫోన్‌లో యాప్‌ని అడిగినట్టు 'పర్మిషన్ ఇస్తారా?' అని మధ్యలో ఎవరూ అడగరు. పైగా మీరు లాగిన్ అయినప్పుడు వచ్చే సెషన్ టోకెన్ గేమ్ మెమరీలోనే ఉంటుంది. మోడ్ దాన్ని నేరుగా తీసేసుకోగలదు. టోకెన్ చేతికి చిక్కితే పాస్‌వర్డ్‌తోనూ, ఓటీపీతోనూ పని లేదు.

సర్వర్ దగ్గర చీట్ ఎంతవరకు?

మల్టీప్లేయర్‌లో అసలు వరల్డ్ ఉండేది సర్వర్‌లో. మీ సిస్టమ్‌లో ఉన్నది దాని కాపీ మాత్రమే. మీరు కదిలినా, తవ్వినా, కొట్టినా క్లయింట్ ఒక మెసేజ్ పంపుతుంది. సర్వర్ సెకనుకి 20 టిక్‌ల చొప్పున అవన్నీ ప్రాసెస్ చేస్తుంది. సర్వర్ మన మాటని చెక్ చేయకుండా నమ్మే చోట చీట్ పని చేస్తుంది. చెక్ చేసే చోట ఆగిపోతుంది.

ఎగరడం తీసుకోండి. సర్వర్ సెట్టింగ్స్‌లో ఫ్లైట్ అలౌ చేసే ఆప్షన్ డిఫాల్ట్‌గా ఆఫ్‌లో ఉంటుంది. 80 టిక్‌లు, అంటే దాదాపు 4 సెకన్లకు మించి గాల్లో తేలితే సర్వర్ బయటికి నెట్టేస్తుంది. అందుకే ఫ్లై చీట్లు మధ్య మధ్యలో కొంచెం కిందికి దిగినట్టు నటిస్తాయి.

రీచ్ చీట్ ఇంకో ఉదాహరణ. సర్వైవల్‌లో మామూలుగా 3 బ్లాకుల దూరంలో ఉన్నవాడినే కొట్టగలం. కానీ పాత వెర్షన్లలో ఎదుటివాడు కనిపిస్తుంటే 6 బ్లాకుల దాకా సర్వర్ ఒప్పుకునేది. నెట్ స్లోగా ఉన్నవాళ్లకి అన్యాయం జరగకూడదని ఇచ్చిన సందు అది. చీట్ ఆ సందులోంచే దూరింది.

ఎక్స్‌రే కథ ఇంకా సరదాగా ఉంటుంది. క్వశ్చన్ పేపర్ వెనకాలే ఆన్సర్లు ప్రింట్ చేసి "తిప్పి చూడొద్దు" అంటే ఎలా ఉంటుంది? మామూలు సర్వర్ చేసేది అదే. చుట్టూ ఉన్న బ్లాకుల వివరాలు, రాళ్ల వెనక దాగిన డైమండ్స్‌తో సహా మీ సిస్టమ్‌కి పంపేస్తుంది. ఎక్స్‌రే ఆ పేపర్ తిప్పి చూస్తుంది, అంతే. దీనికి మందు పేపర్ అనే సర్వర్ సాఫ్ట్‌వేర్‌లో ఉంది. దానిలో యాంటీ-ఎక్స్‌రే ఆన్ చేస్తే, మోడ్ 1లో దాగి ఉన్న ఖనిజాల బదులు మామూలు రాయి అని పంపుతుంది. మోడ్ 2లో అయితే ఎటు చూసినా దొంగ డైమండ్సే! అసలు ఆన్సరే పంపకపోతే క్లయింట్ ఎంత తెలివైనదైనా చూసేది ఏముంటుంది?

ఒకసారి లెక్క వేసుకోండి. చీట్ జార్ సర్వర్ మీద చేయగలిగింది కొంతే, అది కూడా అడ్మిన్ మంచి ప్లగిన్ వేసేదాకా. మీ ల్యాప్‌టాప్ మీద మాత్రం దానికి అడ్డే లేదు.

ఇది ఊరికే భయపెట్టడం కాదు

2021 డిసెంబర్‌లో లాగ్‌ఫోర్‌షెల్ అనే బగ్ బయటపడింది. మైన్‌క్రాఫ్ట్ సర్వర్ చాట్‌లో ఒక ప్రత్యేకమైన లైన్ టైప్ చేస్తే చాలు, సర్వర్‌లోనూ, ఆడుతున్నవాళ్ల సిస్టమ్స్‌లోనూ కోడ్ రన్ చేయించే వీలుండేది. మొజాంగ్ 1.18.1 రిలీజ్ చేసింది. అఫీషియల్ లాంచర్‌లో పాత వెర్షన్లకి కూడా ఫిక్స్ అందింది. కానీ మోడిఫై చేసిన క్లయింట్లు, బయటి లాంచర్లు వాడేవాళ్లకి అది ఆటోమేటిక్‌గా వస్తుందన్న గ్యారంటీ లేదు.

2023 జూన్‌లో ఫ్రాక్చరైజర్ వచ్చింది. ఈసారి దొంగ సైట్లు కాదు. కర్స్‌ఫోర్జ్, బుక్కిట్ లాంటి పేరున్న చోట్లే కొందరు డెవలపర్ల అకౌంట్లు చేజిక్కించుకుని మోడ్స్‌లో మాల్వేర్ కలిపారు. అది బ్రౌజర్ కుకీలు, డిస్కార్డ్, మైన్‌క్రాఫ్ట్ టోకెన్లు లాగేసేది. అంతటితో ఆగకుండా సిస్టమ్‌లో ఉన్న మిగతా జార్ ఫైల్స్‌లోకి కూడా పాకేది. విండోస్‌లో 'మైక్రోసాఫ్ట్ ఎడ్జ్' అనే పేరుతో ఫోల్డర్ పెట్టుకుని దాక్కునేది.

2025 జూన్‌లో చెక్ పాయింట్ రీసెర్చ్ ఇంకోటి బయటపెట్టింది. ఒరింగో, టౌనాహి అనే మైన్‌క్రాఫ్ట్ చీట్ టూల్స్ పేరుతో గిట్‌హబ్‌లో పెట్టిన జార్ ఫైల్స్ అవి. మైన్‌క్రాఫ్ట్ ఉన్న సిస్టమ్‌లోనే పని చేసేలా రాశారు కాబట్టి యాంటీవైరస్‌లు మొదట్లో పట్టుకోలేకపోయాయి. గేమ్ టోకెన్‌తో మొదలుపెట్టి బ్రౌజర్ పాస్‌వర్డ్‌లు, క్రిప్టో వాలెట్ల దాకా వెళ్లాయి.

చీట్ వెతికేవాళ్లనే ఎందుకు టార్గెట్ చేస్తారు? యాంటీవైరస్ ఆఫ్ చేయమంటే వాళ్లు చేస్తారు కాబట్టి. ఏదైనా జరిగినా సిగ్గుపడి ఇంట్లో చెప్పరు కాబట్టి. మా తమ్ముడు కూడా నాలుగు రోజులు దాచాడు.

మోడ్ వేసే సరైన పద్ధతి

1. ముందు ల్యాప్‌టాప్‌లో గేమ్స్ కోసం విడిగా విండోస్ యూజర్ అకౌంట్ క్రియేట్ చేయండి. అడ్మిన్ కాదు, స్టాండర్డ్ అకౌంట్. దానిలోంచి నాన్నగారి అకౌంట్‌లోని బ్రౌజర్ ఫైల్స్ చదవడం కుదరదు. అన్నిటికంటే ఎక్కువగా కాపాడే స్టెప్ ఇదే.

2. ఫ్యాబ్రిక్ ఇన్‌స్టాలర్‌ని దాని అఫీషియల్ సైట్ నుంచే తీసుకోండి. గేమ్ వెర్షన్ ఎంచుకుని ఇన్‌స్టాల్ కొట్టి, లాంచర్‌లో ఫ్యాబ్రిక్ ప్రొఫైల్‌తో ఒకసారి గేమ్ ఓపెన్ చేసి క్లోజ్ చేయండి. గేమ్ ఫోల్డర్‌లో మోడ్స్ అనే ఫోల్డర్ వస్తుంది.

3. మోడ్ జార్‌ని డబుల్ క్లిక్ చేయకండి. జార్ అంటే లోపల జిప్పే కాబట్టి సెవెన్-జిప్‌తో ఓపెన్ చేయండి. ఫ్యాబ్రిక్ మోడ్ అయితే దాని వివరాలుండే ఒక జేసన్ ఫైల్ కచ్చితంగా ఉంటుంది. నోట్‌ప్యాడ్‌లో చదవండి. మోడ్ పేరు, ఏ వెర్షన్‌కి, గేమ్ స్టార్ట్ అవగానే ఏ కోడ్ రన్ అవుతుంది అన్నీ ఉంటాయి. అసలు ఆ ఫైలే లేకపోయినా, లోపల ఈఎక్స్‌ఈ ఫైల్ కనిపించినా డిలీట్ చేసేయండి.

4. వైరస్‌టోటల్‌లో అప్‌లోడ్ చేసి చూడండి. రెడ్ వస్తే వద్దు. గ్రీన్ వస్తే? 2025 నాటి కథ గుర్తు తెచ్చుకోండి. గ్రీన్ అంటే 'ఇంకా దొరకలేదు' అని కూడా అర్థం.

5. పాస్‌వర్డ్ పెట్టిన జిప్, యాంటీవైరస్ ఆఫ్ చేయమనే సలహా, షార్ట్ లింకుల మీద లింకులు... వీటిలో ఏ ఒక్కటి కనిపించినా అక్కడితో ఆపేయండి.

ఫోన్‌లో ఆడేవాళ్లకి ఒక్క మాట. 'మోడ్ ఏపీకే' అంటే ఎవరో గేమ్‌ని విప్పి, తమకి నచ్చింది కలిపి, తమ సంతకంతో మళ్లీ ప్యాక్ చేసింది. అది యాక్సెసిబిలిటీ పర్మిషన్ అడిగితే అస్సలు ఇవ్వకండి. అది ఇస్తే మీ స్క్రీన్ మీద ఉన్నది చదవగలదు, మీ బదులు నొక్కగలదు.

ఇంట్లోనే చీట్ ల్యాబ్

చీట్ ఎలా పని చేస్తుందో చూడాలన్న కుతూహలం తప్పేం కాదు. వేరేవాళ్ల ఆట చెడగొట్టకుండా సొంత సర్వర్ మీద చూడండి. ఒకే వైఫైలో ఉన్న రెండు ల్యాప్‌టాప్‌లు చాలు. ఒకదానిలో జావా, పేపర్ సర్వర్ పెట్టండి. గేమ్ వెర్షన్ 1.20.5 నుంచి 1.21 సిరీస్ వరకు అయితే జావా 21 కావాలి. మొదటిసారి రన్ చేస్తే ఆగిపోతుంది. యులా ఫైల్‌లో ఫాల్స్ అన్నచోట ట్రూ అని మార్చి మళ్లీ రన్ చేయండి. రెండో ల్యాప్‌టాప్ నుంచి మొదటిదాని లోకల్ ఐపీతో జాయిన్ అవండి. పోర్ట్ 25565.

ఇప్పుడు జార్ బదులు ఎక్స్‌రే రిసోర్స్ ప్యాక్ వేసి చూడండి. డైమండ్స్ అన్నీ కనిపిస్తాయి. తర్వాత సర్వర్ కాన్ఫిగ్ ఫోల్డర్‌లో పేపర్ వరల్డ్ డిఫాల్ట్స్ ఫైల్ తెరిచి యాంటీ-ఎక్స్‌రే ట్రూ చేసి, సర్వర్ రీస్టార్ట్ చేసి మళ్లీ చూడండి. రాళ్లలో పూర్తిగా మూసుకుపోయిన డైమండ్స్ మాయం! మోడ్ 2 పెట్టి ఇంకోసారి చూడండి. క్లయింట్ మాట సర్వర్ ఎప్పుడూ గుడ్డిగా నమ్మకూడదన్న పాఠం నాకు కాలేజీలో కంటే ఇక్కడే బాగా ఎక్కింది. రేపు మీరు పేమెంట్ యాప్ రాసినా ఇదే రూల్.

ఇప్పటికే రన్ చేసేసి ఉంటే

మేం చేసిన ఆర్డర్ ఇది. మొదట ల్యాప్‌టాప్ నెట్ కట్ చేశాం. ఆ సిస్టమ్ నుంచి కాకుండా ఫోన్ నుంచి మెయిల్, మైక్రోసాఫ్ట్, డిస్కార్డ్ పాస్‌వర్డ్‌లు మార్చి, 'అన్ని డివైజ్‌ల నుంచి సైన్ అవుట్' కొట్టాం. ముందు మెయిలే, ఎందుకంటే మిగతావన్నీ దాని ద్వారానే రీసెట్ అవుతాయి. బ్యాంక్ పాస్‌వర్డ్ బాబాయి చేత మార్పించాం. తర్వాత ఫొటోలు, డాక్యుమెంట్లు మాత్రం పెన్‌డ్రైవ్‌లోకి తీసుకుని విండోస్ మళ్లీ ఇన్‌స్టాల్ చేశాం. జార్ ఫైల్ ఒక్కటి కూడా వెనక్కి తీసుకోలేదు. డబ్బు పోయి ఉంటే మాత్రం ముందు 1930కి ఫోన్ చేయాలి. ఎంత త్వరగా చేస్తే డబ్బు ఆపే ఛాన్స్ అంత ఎక్కువ.

అదృష్టం కొద్దీ బాబాయి అకౌంట్‌లోంచి ఏమీ పోలేదు. తిట్లు మాత్రం బాగానే పడ్డాయి. కనుమ రోజు సాయంత్రం మావాడు కొత్త యూజర్ అకౌంట్‌లో గేమ్ పెట్టుకుని, సొంత సర్వర్‌లో యాంటీ-ఎక్స్‌రే ఆన్ చేసి, ఫ్రెండ్స్‌ని పిలిచి "ఇప్పుడు ఎక్స్‌రే వేసుకోండ్రా చూద్దాం" అని సవాలు చేస్తున్నాడు.