తిమోతి గడ్డి మడి నుంచి వరి మడి దాకా: యల్లాప్రగడ సుబ్బారావు పరిశోధనా వారసత్వం

హైదరాబాదులోని జూబ్లీహిల్స్, ఫిల్మ్‌నగర్ ప్రాంతాల మందుల దుకాణాలలో వైద్యుని చీటీపై ఇచ్చే డాక్సీసైక్లిన్ క్యాప్సూలుకు, వరిలో బాక్టీరియా ఆకు ఎండు తెగులు కోసం రైతు పురుగుమందుల దుకాణంలో కొనే స్ట్రెప్టోమైసిన్-టెట్రాసైక్లిన్ మిశ్రమపు పొట్లానికి దగ్గర చుట్టరికం ఉన్నది. రెండింటిలోనూ టెట్రాసైక్లిన్ వర్గపు యాంటీబయోటిక్ ఉంటుంది. ఆ వర్గంలో మొదట వెలుగుచూసిన మందు ఆరియోమైసిన్. దానిని ఉత్పత్తి చేసిన సూక్ష్మజీవి అమెరికాలోని ఒక వ్యవసాయ ప్రయోగ క్షేత్రపు మట్టిలో లభించింది. ఆ మట్టిని పరీక్షించిన పరిశోధన విభాగానికి సారథి పశ్చిమ గోదావరి జిల్లా భీమవరంలో 1895 జనవరి 12న జన్మించిన యల్లాప్రగడ సుబ్బారావు. వైద్య గ్రంథాలు ఈ వృత్తాంతాన్ని ఆసుపత్రి వైపు నుంచి చెబుతాయి. వ్యవసాయ విద్యార్థి దీనిని మట్టి వైపు నుంచి చదువుట అవసరం.

సుబ్బారావు మద్రాసు వైద్య కళాశాలలో చదువుతున్న రోజులలో గాంధీజీ పిలుపు మేరకు ఖద్దరు ధరించాడు. ఇది శస్త్రచికిత్స ఆచార్యునికి రుచించలేదు. ఫలితంగా ఎం.బి.బి.ఎస్. బదులు దానికన్నా తక్కువ స్థాయిదైన ఎల్.ఎం.ఎస్. పట్టాతో ఆయన తృప్తిపడవలసి వచ్చింది. ఆయన సోదరులు ఇద్దరు స్ప్రూ అనే జీర్ణకోశ వ్యాధితో కొద్ది రోజుల తేడాలో మరణించారు. మద్రాసు ఆయుర్వేద కళాశాలలో కొంతకాలం బోధించిన పిదప, కాకినాడలోని మల్లాడి సత్యలింగ నాయకర్ ధర్మసంస్థ, మామగారు అందించిన ధనసహాయంతో 1920ల ఆరంభంలో బోస్టన్ చేరాడు. అక్కడ హార్వర్డులో ఉష్ణమండల వ్యాధుల విద్యను అభ్యసిస్తూ, పొట్ట గడవడానికి ఆసుపత్రిలో రాత్రిపూట కాపలా, శుభ్రపరచే పనులు చేశాడు.

సైరస్ ఫిస్కేతో కలిసి 1925లో ప్రకటించిన భాస్వరం అంచనా పద్ధతి ఆయనకు తొలి కీర్తిని తెచ్చింది. భాస్వరం మాలిబ్డేటుతో కలిసి ఏర్పడే సమ్మేళనాన్ని క్షయకరణం చేస్తే నీలిరంగు వస్తుంది. ఆ రంగు గాఢతను బట్టి భాస్వరం ఎంత ఉన్నదో లెక్కకడతారు. క్షయకరణకు అమైనోనాఫ్తాల్ సల్ఫోనిక్ ఆమ్లాన్ని వాడడం ఫిస్కే, సుబ్బారావుల ప్రత్యేకత. నేటి భూసార పరీక్షా కేంద్రాలలో ఓల్సెన్ పద్ధతి చివర కనిపించే నీలిరంగుకు క్షయకారిణి వేరైనా మూలసూత్రం ఇదే. ఈ కొలమానం చేతికి వచ్చినందుననే కండరంలో ఫాస్ఫోక్రియాటిన్ 1927లో, ఆ తరువాత 1929లో ఏ.టి.పి. వారికి దొరికాయి. ఏ.టి.పి. ఆవిష్కరణలో జర్మనీకి చెందిన కార్ల్ లోమాన్ పేరును కూడా చెప్పుకోవాలి. ఇంత జరిగినా హార్వర్డు ఆయనకు స్థిరమైన ఉద్యోగం ఇవ్వలేదు. 1940లో ఆయన న్యూయార్కు రాష్ట్రంలోని పెర్ల్ రివర్‌లో ఉన్న లెడర్లీ ప్రయోగశాలలకు మారి, త్వరలోనే పరిశోధనా సంచాలకుడైనాడు.

లెడర్లీలో గడిపిన 8 సంవత్సరాల పని విస్తృతి ఆశ్చర్యం గొలుపుతుంది. ఆయన బృందం ఫోలిక్ ఆమ్లాన్ని కృత్రిమంగా తయారుచేసి 1945లో ప్రకటించింది. సోదరులను బలిగొన్న స్ప్రూ వ్యాధికి అది మందుగా పనిచేసింది. ఫోలిక్ ఆమ్లానికి విరోధిగా రూపొందించిన అమైనోప్టెరిన్‌తో సిడ్నీ ఫార్బర్ 1948లో 16 మంది రక్త క్యాన్సర్ పిల్లలకు చికిత్స చేయగా 10 మందికి తాత్కాలిక ఉపశమనం కలిగింది. కోస్తా జిల్లాలకు సుపరిచితమైన బోదకాలు వ్యాధికి వాడే డైఇథైల్ కార్బమజైన్, అనగా ఊరూరా పంచిన డి.ఇ.సి. మాత్ర, అక్కడిదే.

ఇక మట్టి ప్రస్తావనకు వద్దాము. పెనిసిలిన్ కొన్ని తరగతుల బాక్టీరియాపైననే పనిచేసేది. సెల్మన్ వాక్స్‌మన్ బృందం 1944లో ప్రకటించిన స్ట్రెప్టోమైసిన్ ఆ పరిధిని పెంచినా, మట్టిలోని ఆక్టినోమైసీట్లలో ఇంకా ఏమేమి దాగి ఉన్నాయో ఎవరికీ తెలియదు. లెడర్లీలో ఈ అన్వేషణ బాధ్యత బెంజమిన్ డగ్గర్‌కు దక్కింది. ఆయన వైద్యుడు కాడు. 1909లో మొక్కల శిలీంధ్ర వ్యాధులపై పాఠ్యగ్రంథం వ్రాసిన వృక్షశాస్త్రజ్ఞుడు. విస్కాన్సిన్ విశ్వవిద్యాలయంలో పదవీ విరమణ చేసి, 70 ఏళ్ళు దాటిన వయస్సులో సుబ్బారావు విభాగంలో చేరాడు. పదవీ విరమణ చేసిన మొక్కల తెగుళ్ళ నిపుణుని మానవ వైద్యపు మందుల వేటకు నియోగించడం నేటి నియామక సంఘాల ముందు నిలుస్తుందో లేదో సందేహమే.

డగ్గర్ తాను పూర్వం పనిచేసిన మిస్సోరీ విశ్వవిద్యాలయానికి మట్టి నమూనాల కోసం వ్రాయగా, అక్కడి మృత్తికా శాస్త్రజ్ఞుడు విలియం ఆల్బ్రెక్ట్ పంపిన వాటిలో శాన్‌బార్న్ క్షేత్రపు 23వ మడి మట్టి ఉన్నది. 1888లో స్థాపించిన ఈ క్షేత్రం మన కోయంబత్తూరులో 1909 నుంచి నడుస్తున్న శాశ్వత ఎరువుల ప్రయోగం వంటిది. ఆ మడిలో పెరుగుతున్నది పశుగ్రాసమైన తిమోతి గడ్డి. దాని మట్టి నుంచి ఎ-377 అన్న సంఖ్యతో వేరుచేసిన ఆక్టినోమైసీటు పోషక మాధ్యమంపై పసిడి వన్నె వర్ణకాన్ని ఇచ్చింది. అందువలననే సూక్ష్మజీవికి స్ట్రెప్టోమైసిస్ ఆరియోఫేసియన్స్ అనీ, మందుకు ఆరియోమైసిన్ అనీ పేర్లు వచ్చాయి. లాటిన్‌లో ఆరియస్ అనగా బంగారు వన్నె కలది.

1948 జూలైలో న్యూయార్కు విజ్ఞాన అకాడమీ సదస్సులో ఆరియోమైసిన్‌ను లోకానికి పరిచయం చేశారు. మరుసటి నెలలో సుబ్బారావు నిద్రలోనే గుండెపోటుతో మరణించాడు. వయస్సు 53. పేటెంటు 1949లో డగ్గర్ పేరిట వెలువడింది. ఆరియోమైసిన్‌ను సుబ్బారావు కనుగొన్నాడని తెలుగులో తరచు వ్రాస్తుంటారు. అది సరికాదు. కనుగొన్నవాడు డగ్గర్. వృక్ష, మృత్తికా శాస్త్రజ్ఞులు, రసాయనికులు, వైద్యులు ఒకే సమస్యపై పనిచేసే ఏర్పాటును నిలబెట్టి నడిపించినది సుబ్బారావు. ఈ రెండవది చిన్న పని అని భావించేవారు పరిశోధనా కేంద్రాన్ని నడిపి ఎరుగరు. ఆయన పేరు సూక్ష్మజీవి శాస్త్రంలో మరొక విధంగా కూడా నిలిచింది. లెడర్లీలో పనిచేసిన హెసెల్టైన్ 1953లో ఒక కొత్త శిలీంధ్ర ప్రజాతికి సుబ్బారోమైసిస్ అని నామకరణం చేశాడు.

మట్టి నుంచి ఆసుపత్రికి వెళ్ళిన ఈ మందు పొలానికి తిరిగి రావడానికి ఎంతో కాలం పట్టలేదు. విటమిన్ బి12 లభిస్తుందన్న ఆలోచనతో ఆరియోమైసిన్ తయారీలో మిగిలిన పిప్పిని కోడిపిల్లలకు మేపినపుడు, బి12 వల్ల వచ్చే పెరుగుదలకు మించి అవి పెరిగాయని లెడర్లీలోనే స్టోక్‌స్టాడ్, జూక్స్ గమనించారు. పశువుల దాణాలో స్వల్ప మోతాదు యాంటీబయోటిక్ వాడకం అక్కడి నుంచి ప్రపంచమంతా పాకింది. ఐరోపా సమాఖ్య పెరుగుదల కోసం వాడే ఈ పద్ధతిని 2006 జనవరి 1 నుంచి పూర్తిగా నిలిపివేసింది. భారత ప్రభుత్వం 2019లో కొలిస్టిన్‌ను కోళ్ళు, పశువులు, ఆక్వా రంగాలలో నిషేధించింది.

స్వల్ప మోతాదు ఎందుకు ప్రమాదమో విద్యార్థులు స్పష్టంగా గ్రహించాలి. టెట్రాసైక్లిన్ బాక్టీరియా రైబోజోములోని 30ఎస్ ఉపభాగానికి అంటుకొని మాంసకృత్తుల తయారీని నిలుపుతుంది. బాక్టీరియా దీనికి ముఖ్యంగా రెండు విరుగుడులు నేర్చినది. ఒకటి, లోనికి వచ్చిన మందును వెలుపలికి తోడివేసే పొర మాంసకృత్తులు. రెండవది, రైబోజోమును కాచే మాంసకృత్తులు. వీటి జన్యువులు తరచు ప్లాస్మిడ్లపై ఉండి ఒక జాతి నుంచి మరొక జాతికి చేరతాయి. మందును తయారుచేసే స్ట్రెప్టోమైసిస్‌లోనే ఆత్మరక్షణకు ఇటువంటి జన్యువులు ఉన్నాయి. అందువలన నిరోధకత మట్టికి కొత్త కాదు. చావకుండా మిగిలే మోతాదును పదే పదే చల్లితే అరుదుగా ఉన్న ఆ జన్యువులను మనమే ఎంచి పెంచినట్లవుతుంది. పొలంలో అలా పెరిగిన జన్యువు మనిషికి వ్యాధి కలిగించే బాక్టీరియాకు చేరదన్న హామీ లేదు.

సుబ్బారావు పుట్టిన భీమవరం చుట్టూ నేడు చేపల, రొయ్యల చెరువులు విస్తరించాయి. సముద్ర, జలోత్పత్తులలో టెట్రాసైక్లిన్ అవశేషం కిలోకు 0.1 మిల్లీగ్రాముకు మించరాదని మన ఆహార భద్రతా నిబంధనలు చెబుతున్నాయి. పంటల విషయానికి వస్తే, స్ట్రెప్టోమైసిన్-టెట్రాసైక్లిన్ మిశ్రమ వినియోగాన్ని 2024 నుంచి పూర్తిగా ఆపాలని కేంద్ర వ్యవసాయ మంత్రిత్వ శాఖ 2021 డిసెంబరు ముసాయిదా ఉత్తర్వులో ప్రతిపాదించింది.

విస్తరణ శాస్త్రజ్ఞునికి రైతు వేసే ప్రశ్న మాత్రం సూటిగా ఉంటుంది: “మరి ఆకు ఎండుతోందండీ, ఏం కొట్టమంటారు?” తెగులు పొలమంతా పాకిన తరువాత మందు పిచికారీ ఆశించిన ఫలితం ఇవ్వడం అరుదు. కనుక జవాబు విత్తనం దగ్గరనే మొదలు కావాలి. హైదరాబాదులోని సి.సి.ఎం.బి., వరి పరిశోధన సంచాలకాలయం కలిసి రూపొందించగా 2008లో విడుదలైన మెరుగైన సాంబ మసూరిలో ఎక్స్ఎ5, ఎక్స్ఎ13, ఎక్స్ఎ21 అనే మూడు నిరోధక జన్యువులు ఉన్నాయి. తెగులు తరచు వచ్చే ఆయకట్టులో సన్నబియ్యం కోరే రైతుకు ముందుగా సూచించదగినది ఇది. తెగులు కనిపించిన పొలంలో నత్రజని పైపాటును వెంటనే ఆపాలి. ఆ మడి నీరు పక్క మడిలోకి పారకుండా చూడాలి.

అన్నిటికన్నా ముందు అది తెగులు అవునో కాదో తేల్చుకోవాలి. పొటాష్ లోపం వల్లనూ, వేడిగాలి వల్లనూ ఆకు కొనలు ఎండుతాయి. ఉదయం వేళ ఎండుతున్న ఆకును మచ్చ అంచు వద్ద కోసి, ఆ ముక్కను గాజు గ్లాసులోని శుభ్రమైన నీటిలో నిలిపితే, బాక్టీరియా తెగులైన పక్షంలో కోసిన చోటు నుంచి కొద్ది నిమిషాలలో పాలవంటి ద్రవం సన్నని ధారగా దిగుతుంది. ఈ పరీక్షకు రైతు ఇంటి గ్లాసు చాలును.