రౌటరు పెట్టెలో కంప్యూటరు

ఇంటర్నెట్ ఉన్న ఇళ్ళలో, గోడకో అలమార మీదో, చిన్న దీపాలు మిణుకుమిణుకుమనే పెట్టె ఒకటి మీరు చూసే ఉంటారు. దాని పేరు రౌటరు. ఫ్యానులాగా, టార్చిలైటులాగా అదీ ఒక పరికరమేనని అనుకుంటాం. నిజానికి అది కంప్యూటరే! తెర లేదు, కీబోర్డు లేదు. అయినా లోపల ప్రాసెసరు ఉంది, రెండు రకాల మెమరీ ఉంది.

ఒకటి పలకలాంటిది. పని జరుగుతున్నంతసేపూ దానిమీద రాసుకుంటుంది. కరెంటు పోతే అంతా చెరిగిపోతుంది. అది ర్యామ్. రెండవది నోటుపుస్తకంలాంటిది. కరెంటు పోయినా రాసింది పోదు. అది ఫ్లాష్. రౌటరును నడిపించే ప్రోగ్రాము ఈ ఫ్లాష్‌లోనే ఉంటుంది. దాన్ని ఫర్మ్‌వేర్ అంటారు.

కంపెనీవారు రాసిపెట్టిన ఆ ఫర్మ్‌వేర్‌ను తీసేసి మనం వేరొకటి పెట్టుకోవచ్చునా? పెట్టుకోవచ్చు. అదెలా మొదలయిందో వినండి.

2002 చివరలో అమెరికాలో లింక్‌సిస్ కంపెనీ డబ్ల్యుఆర్‌టి54జి అనే రౌటరును అమ్మకానికి పెట్టింది. మరుసటి ఏడాది కొందరు ప్రోగ్రామర్లు దాని ఫర్మ్‌వేర్‌ను పరిశీలించగా, అందులో లినక్స్ బయటపడింది. లినక్స్ అంటే 1991లో లినస్ టోర్వాల్డ్స్ అనే ఫిన్లాండు విద్యార్థి మొదలుపెట్టిన ప్రోగ్రాము. దాన్ని ఎవరైనా డబ్బివ్వకుండా వాడుకోవచ్చు, తాము అమ్మే వస్తువులోనూ పెట్టుకోవచ్చు. కాని జి.పి.ఎల్. అనే లైసెన్సు ప్రకారం ఒక షరతు ఉంది: ప్రోగ్రామును ఇచ్చినవారు, దాన్ని రాసిన మూలపాఠాన్ని కూడా ఇవ్వాలి. అరిసెలు పెట్టి ఊరుకుంటే చాలదు, పాకం ఎలా పట్టారో చెప్పాలన్నమాట!

కొనుక్కున్నవారు ఆ పాఠం అడిగారు. 2003లోనే కంపెనీ దాన్ని బయటపెట్టింది. దాని ఆధారంగా 2004లో ఓపెన్‌డబ్ల్యుఆర్‌టి అనే ఫర్మ్‌వేర్ మొదలయింది. పేరులోని మూడక్షరాలూ ఆ రౌటరువే. నేడది ఎన్నో కంపెనీల రౌటర్లలో నడుస్తోంది.

ఇందులో నాకు బాగా నచ్చిన ఏర్పాటు ఒకటుంది. మీరు భారతదేశ పటం మీద ట్రేసింగు కాగితం పరచి, నదులు గీస్తారు కదా? కింద పటం చెక్కుచెదరదు; పైనుంచి చూస్తే రెండూ కలిసి కనబడతాయి. అలాగే ఓపెన్‌డబ్ల్యుఆర్‌టిలో అసలు ఫర్మ్‌వేర్‌ను కుదించి, మార్చడానికి వీల్లేకుండా ఫ్లాష్‌లో ఉంచుతారు. మీరు పెట్టే పాస్‌వర్డులాంటివన్నీ దానిపై పొరలో రాయబడతాయి. ఏదైనా తప్పుచేస్తే పై కాగితం తీసేసినట్లు ఆ పొర చెరిపేస్తే చాలు.

ఇంత శ్రమ ఎందుకంటారా? రౌటరు ఇంటి వీధితలుపులాంటిది. ప్రోగ్రాములో లోపం బయటపడితే దొంగ ఆ సందులోంచే దూరుతాడు. కంపెనీ కొన్నేళ్ళకు పాత నమూనాలకు మరమ్మతులు ఆపేస్తుంది. మూలపాఠం అందరి చేతుల్లో ఉంటే వేరేవారు సరిచేయగలరు. అయితే దీనికీ హద్దు ఉంది: ఆ మొదటి రౌటరులోని 4 మెగాబైట్ల ఫ్లాష్‌లో నేటి కూర్పులు ఇమడవు.

ఫ్లాష్‌లో కొత్త ఫర్మ్‌వేర్ రాస్తుండగా కరెంటు పోయిందా, పెట్టె పలకకపోవచ్చు. అలాంటిదాన్ని ప్రోగ్రామర్లు ‘ఇటుక’ అని పిలుస్తారు! కనుక ఇంట్లో అందరూ వాడే రౌటరు జోలికి పోకండి. మూలపడ్డ పాతది ఉంటే పెద్దలనడిగి తీసుకోండి. ముందు బోర్లించి, అడుగున చీటీ మీద నమూనా పేరుతోపాటు కూర్పు సంఖ్య కూడా చదవండి. 2005లో వచ్చిన డబ్ల్యుఆర్‌టి54జి అయిదవ కూర్పు చూడడానికి పాతదానిలాగే ఉండేది. లోపల మాత్రం ఫ్లాష్ 2 మెగాబైట్లే, లినక్స్ లేనేలేదు.