పాతబస్తీ రుచులకు వేళలున్నాయి

బుజ్జీ,

నీ మెసేజ్ చూశాను. ఆఫీసు స్నేహితులతో కలిసి పాతబస్తీలో ఫుడ్ వాక్‌కి వెళ్దామనుకుంటున్నావు, డబ్బులిచ్చి గైడ్ వెంట తిరగడం దండగ కాదా అని అడిగావు. దండగేమీ కాదు. అయితే ఆ డబ్బుతో ఏం కొంటున్నావో తెలుసుకుని వెళ్ళు. పత్తర్‌గట్టీ వైపు బ్యాంకులో చాలా ఏళ్ళు పనిచేసినవాణ్ణి కాబట్టి నాకు తెలిసిన నాలుగు ముక్కలు రాస్తున్నాను.

ఫలానా హోటల్ ఎక్కడుందో చెప్పడానికి మనిషి అక్కర్లేదు, నీ ఫోన్ చెబుతుంది. కానీ పాతబస్తీలో తిండికి వేళలుంటాయి. ఒక వేళ దొరికింది ఇంకో వేళ దొరకదు. దొరికినా ఆ రుచి ఉండదు. నహారీనే తీసుకో. గొర్రె కాళ్ళు, నాలుక రాత్రంతా సన్నసెగ మీద ఉడికితే తయారయ్యే పులుసు అది. తెల్లవారుజామున, ఫజర్ నమాజు అయ్యాక జనం వచ్చి కుల్చా ముంచుకుని తింటారు. పొద్దెక్కాక వెళితే నీకు మిగిలేది గిన్నె అడుగున ఉన్నదే. గుల్జార్ హౌజ్ దగ్గర బండి మీద పోసే వెన్న దోశలదీ పొద్దుటి బేరమే. లాడ్ బజార్‌లో గాజుల కొట్ల షట్టర్లు పైకి లేచేసరికి ఆ బండి చుట్టూ రద్దీ పలచబడిపోతుంది. కబాబులు మాత్రం సాయంత్రం కాకుండా ఊపందుకోవు. ఇరానీ చాయ్ ఒక్కటే ఏ వేళకైనా చెల్లుతుంది.

ఇవి కాక సంవత్సరానికో లెక్క ఉంది. 2010లో భౌగోళిక గుర్తింపు తెచ్చుకున్న హైదరాబాద్ హలీమ్ రంజాన్ నెల సరుకు. గోధుమ, మాంసం, పప్పులు, నెయ్యి కలిపి ఇటుకల భట్టీ మీద పొద్దుటి నుంచి ఉడికిస్తూ, పొడవాటి కర్రలతో దంచుతూ ఇఫ్తార్ వేళకు దించుతారు. మొజంజాహీ మార్కెట్‌లో సీతాఫలం ఐస్‌క్రీమ్ కావాలంటే ఆ పండు వచ్చే రోజుల్లోనే వెళ్ళాలి. ఈ వేళలన్నీ తెలిసినవాడి వెంట ఒక పూట నడిస్తే నీ సొంతంగా తిరగబోయే చాలా పూటలు కలిసొస్తాయి. నువ్వు డబ్బిచ్చేది అందుకు.

కాబట్టి టూర్ ఎంచుకునేటప్పుడు ముందు చూడాల్సింది అది ఎన్నింటికి మొదలవుతుందని. ఉదయం పదింటికి చార్మినార్ దగ్గర కలుద్దాం అన్నారంటే అది మీ హైటెక్ సిటీ వాళ్ళ నిద్ర చూసుకుని పెట్టిన టైము. ఆరింటికి రమ్మనేవాడు దొరికితే వదులుకోకు. లేదా సాయంత్రం నుంచి రాత్రి దాకా నడిపించేదయినా మంచిదే, అది వేరే తిండి. తెల్లవారుజామున అయితే మెట్రో నీకు పనికిరాదు, అది ఆరింటికి గానీ కదలదు. క్యాబ్‌లో వెళ్ళు. సాయంత్రమైతే అమీర్‌పేటలో మారి ఎంజీబీఎస్‌లో దిగండి, మూసీ దాటి మదీనా కూడలి మీదుగా నడవచ్చు. శుక్రవారం మధ్యాహ్నం మాత్రం పెట్టుకోవద్దు. మక్కా మసీదులో నమాజుకు వచ్చే జనంతో ఆ దారులన్నీ నిండిపోతాయి, వాళ్ళ ప్రార్థన వేళ మనం అడ్డం తిరగకూడదు కూడా.

తర్వాత అడగాల్సింది గుంపులో ఎంతమంది ఉంటారని. ఎనిమిది, పదిమంది దాటితే గైడ్ గొంతు ముందున్నవాళ్ళకే వినిపిస్తుంది, వెనకున్నవాళ్ళు ఫోన్లు చూసుకుంటారు. తినేవాటి ఖర్చు టికెట్‌లోనే ఉందా, విడిగా పెట్టుకోవాలా అన్నది కూడా ముందే తేల్చుకో. అక్కడికెళ్ళాక స్నేహితుల మధ్య లెక్కలు వస్తే నోట్లో ఉన్నది చేదవుతుంది.

మీలో ఎవరికి ఏది పడదో గైడ్‌కి ముందే చెప్పండి. పాతబస్తీలో చాలాచోట్ల నహారీ, హలీమ్, కబాబులు రెండు రకాల మాంసంతోనూ ఉంటాయి. అక్కడ మేకా గొర్రెలది ‘ఛోటే కా’, పశు మాంసం ‘బడే కా’. ఆర్డర్ చేసే ముందు “ఛోటే కా హై?” అని మామూలు గొంతుతో అడిగితే ఎవరూ ఏమీ అనుకోరు, వాళ్ళకిది రోజూ వినే ప్రశ్నే. జవాబు విని మొహం చిట్లించడం మాత్రం మర్యాద కాదు. పక్క బల్ల దగ్గర తింటున్నవాడు నీ మొహమే చూస్తుంటాడు. వద్దనుకుంటే నవ్వుతూ “నక్కో భాయ్” అను, చాలు.

ఇక తినడం సంగతి. ఇలాంటి వాటికి వెళ్ళినవాళ్ళలో సగంమంది రెండో మజిలీలోనే కూలబడతారు. మొదటి చోట ప్లేటు నిండా పెట్టించుకుని, నాలుగో చోట వాసన చూసి దణ్ణం పెట్టేస్తారు. ఇంటి దగ్గర ఏమీ తినకుండా వెళ్ళు, కానీ ఆకలి మీద ఉన్నాను కదా అని విరుచుకుపడకు. నలుగురికి ఒక ప్లేటు చెప్పండి. చాయ్ వన్ బై టూ చెప్పడం ఈ ఊళ్ళో నామోషీ కాదు, అలవాటు. ఆ వన్ బై టూతో సాసరు కూడా వస్తే అందులో పోసుకుని తాగు, త్వరగా చల్లారుతుంది. మంచినీళ్ళ సీసా వెంట ఉంచుకో. ఐసు వేసిన జ్యూసులు, కోసి పెట్టిన ఉల్లిపాయ ముక్కలు నీ కడుపుకు అలవాటు అయ్యేదాకా దూరంగా పెట్టు. బిర్యానీ ఈ టూర్‌లో లేకపోతే నొచ్చుకోవద్దు. బిర్యానీ తింటే ఆ పూటకి ఇంకేమీ తినలేవు, దానికి వేరే రోజు పెట్టుకో.

చార్మినార్ పక్కనే ఉన్న నిమ్రా కేఫ్ దగ్గర ఏ గైడయినా ఆపుతాడు. అందరూ కప్పు పట్టుకుని, వెనక చార్మినార్ వచ్చేలా ఫొటో దిగుతారు, దిగు. ఫొటో అయ్యాక మాత్రం చాయ్ పోసేవాడి వైపు తిరుగు. డికాక్షన్ ఒక గిన్నెలో మూతపెట్టి మగ్గుతుంటుంది, పాలు వేరే గిన్నెలో చిక్కబడుతుంటాయి. రెంటినీ కలిపి మరిగించరు, కప్పులోనే కలుపుతారు. ముందు డికాక్షన్ ఎంత పోశాడు, దాని మీద పాలు ఎంత పోశాడు అన్న దాన్నిబట్టి రంగు, ఘాటు మారిపోతాయి. అతను కొలత పెట్టుకోడు, చేతి అంచనా మీదే నడుస్తుంది. కాసేపు నిలబడితే పక్కన వేడి ట్రేలో ఉస్మానియా బిస్కెట్లు వస్తాయి. ఉప్పూ తీపీ రెండూ తగిలే ఆ బిస్కెట్ వేడిగా ఉన్నప్పుడు చేతిలోనే పొడైపోతుంది, చాయ్‌లో ముంచేటప్పుడు ఆదమరిస్తే అడుక్కి పోతుంది.

ఆ బిస్కెట్ గురించి గైడ్ ఒక కథ చెబుతాడు. ఉస్మానియా ఆస్పత్రిలో రోగుల కోసం చేయించారని ఒకరంటారు, ఏడో నిజాం ఉస్మాన్ అలీఖాన్‌కి ఇష్టమని ఆయన పేరు పెట్టారని ఇంకొకరంటారు. పత్తర్ కా గోష్త్‌కీ ఒక కథ ఉంది, వేటకెళ్ళిన నవాబుకు ఊచలు లేక మాంసం బండ మీద కాల్చి పెట్టారని. విను, ఆనందించు, వాదించకు. తిండి కథలు చెప్పేవాడిని బట్టి పెరుగుతాయి. ఇంటికొచ్చాక అవే నిజమని నలుగురికీ ప్రచారం మాత్రం చెయ్యకు. కథ గైడ్‌ని అడుగు, వంట సంగతి వండేవాణ్ణే అడుగు.

వంటవాణ్ణి అడగడానికి తగిన చోటు మున్షీ నాన్ అనే రొట్టెల కొట్టు. 1851 నుంచి ఉన్న కొట్టని చెబుతారు. మీ టూర్‌లో అది లేకపోతే కలపమని గైడ్‌ని బతిమాలు. కూర్చుని తినే హోటల్ కాదు, రొట్టెలు కట్టించుకుని పోవడమే. పిండిని నాలుగు మూలలు వచ్చేలా సాగదీసి, మెత్తటి దిండు మీద పరుస్తారు. తందూరులోకి భుజం దాకా వంగి ఆ దిండుతోనే లోపలి గోడకు చరుస్తారు. ఒక్క నిమిషం ఆలస్యమైతే అంచు మాడుతుంది, తొందరపడితే మధ్యలో పచ్చి. కాలిందని తెలిశాక రెండు ఇనప ఊచలు లోపలికి పోతాయి, ఒకటి గోడ నుంచి గీకుతుంది, కొక్కెమున్న రెండోది కింద పడకుండా పట్టుకుంటుంది. ఆ సెగ దగ్గర పూటంతా నిలబడే మనిషిని “టేస్ట్ సీక్రెట్ ఏమిటి?” అని అడిగితే ఏం చెబుతాడు? “ఎన్నింటికి తందూరు వెలిగిస్తారు చాచా? పిండి ఎప్పుడు కలుపుతారు?” అని అడుగు. పని గురించి అడిగితే పనివాడు మాట్లాడతాడు. గిరాకీ ఒత్తిడిలో ఉంటే ఏమీ అడగకు, ఒక వారగా నిలబడు. నీ వెనక నాన్ కోసం వచ్చినవాడు ఇంటికి వేడిగా తీసుకెళ్ళాలి.

ఫొటోలకు కూడా ఇదే నియమం. మనిషి మొహం తీయాలంటే అడిగి తీయి. ముందు కొను, తర్వాత కెమెరా బయటపెట్టు. గైడే అన్నిచోట్లా డబ్బులిచ్చినా, నువ్వు నీ చేత్తో ఏదో ఒకటి కొనుక్కో. కిలో బిస్కెట్లు కాకపోయినా పావుకిలో చాలు. డబ్బులిచ్చిన చెయ్యి కొట్టువాడికి గుర్తుంటుంది, గుంపులో వచ్చి పోయిన మొహం గుర్తుండదు. రంజాన్ నెలలో వెళితే పగటిపూట వాళ్ళు ఉపవాసంలో ఉంటారు కాబట్టి వీధిలో నడుస్తూ తినకు. నీకు దాహమేస్తే పక్కకెళ్ళి తాగు.

టూర్ అయిపోయిన రాత్రే కూర్చుని ఏ వేళకు ఏం దొరికిందో చిన్న కాగితం మీద రాసి పెట్టుకో. రేటింగులు కాదు, టైములు. ఆ తర్వాత నెల తిరక్కుండా, గైడ్ లేకుండా ఒక్కదానివే ఒక్క చోటికి వెళ్ళు. అన్నిచోట్లకీ కాదు, నచ్చిన ఒక్క చోటికే. మూడోసారికి “ఆవో బేటీ” అంటారు. అప్పుడు నీకు పాతబస్తీలో ఒక కొట్టు దొరికినట్టు. టూర్‌కి పెట్టిన డబ్బు గిట్టుబాటయ్యేది అప్పుడే.

సంక్రాంతి తర్వాత అక్కయ్య నీ దగ్గరికి వస్తానంటోంది. ఈసారి మీ అమ్మకి గైడ్‌వి నువ్వే. మాంసం ముట్టదు కాబట్టి పొద్దున్నే గుల్జార్ హౌజ్‌కి తీసుకెళ్ళి దోశ తినిపించు, చాయ్ తాగించు, తర్వాత మొజంజాహీ మార్కెట్‌లో ఐస్‌క్రీమ్ పెట్టించు. ముత్యాల కొట్లు తెరిచేలోపు మాత్రం చార్‌కమాన్ దాటించెయ్యి. తెరిచారంటే మధ్యాహ్నం భోజనం వేళ దాకా కదలదు, బిల్లు నీ నెత్తిన పడుతుంది.



ఇట్లు
మీ మామయ్య